‘రేపు రండి’కి ముందు ‘దయచేసి’ ఎక్కడి నుంచి వచ్చింది?

విశాఖపట్నం నుంచి ఒక పాఠకురాలు ఏడు పేజీల ఉత్తరం రాశారు. పేరు వేయవద్దన్నారు, వేయడం లేదు. సంగతంతా తెలిస్తేనే నా సమాధానం అర్థమవుతుంది కాబట్టి ఉత్తరంలోని విషయాన్ని కాస్త వివరంగానే ఇస్తున్నాను.

ఆమె వయసు 37. బ్యాంకు ఉద్యోగం. అయిదుగురు స్నేహితులతో కలిసి చిన్న ఫిల్మ్ సొసైటీ నడుపుతున్నారు. నెలకో ఆదివారం ఒక గ్రంథాలయం మేడ మీది హాల్లో ప్రదర్శన ఉంటుంది. అరవై కుర్చీలు, అందులో నాలుగింటికి చేతులు లేవు. వచ్చే నెలకు వారు ఎంచుకున్నవి సోషలిస్టు దేశాల్లో ఆఫీసుల మీదా, అధికారుల మీదా, ప్రణాళికా లక్ష్యాల మీదా తీసిన వ్యంగ్య లఘుచిత్రాలు. మాస్కోలో తయారైన వ్యంగ్య లఘుచిత్రాల వరస ‘ఫితీల్’ సంచికల నుంచి రెండేసి మూడేసి నిమిషాల తునకలు అయిదు, ఫ్యోదర్ ఖిత్రుక్ కార్టూన్ చిత్రం ‘చట్రంలో మనిషి’, పోలండ్ దర్శకుడు కీస్లోవ్‌స్కీ విద్యార్థిగా ఉన్నప్పుడు తీసిన ‘ఆఫీసు’.

ఫితీల్ తునకలకు తెలుగు సబ్‌టైటిళ్ళు రాసే పని ఆమె తన తండ్రికి అప్పగించారు. ఆయనకు 73 ఏళ్ళు. 1970లలో సోవియట్ ప్రభుత్వ ఉపకార వేతనంతో మాస్కోలో ఇంజనీరింగ్ చదివారు. తిరిగి వచ్చాక సోవియట్ సహకారంతో కట్టిన ఒక కర్మాగారంలో పనిచేస్తూ, అక్కడికి వచ్చిన రష్యన్ ఇంజనీర్లకూ మనవాళ్ళకూ నడుమ మాట చేరవేసే మనిషిగా పేరు తెచ్చుకున్నారు. ఇంట్లో ఒక బీరువా నిండా మాస్కోలో అచ్చయిన తెలుగు పుస్తకాలే. పని చెప్పగానే ఆయన కళ్ళజోడు మార్పించుకుని వచ్చారట. “పదేళ్ళ తర్వాత నాన్న రాత్రిపూట టేబుల్ లైటు వేసుకుని కూర్చోవడం చూశాను” అని రాశారామె.

పని పూర్తయింది. ఈలోగా ఆమె స్నేహితురాలి కూతురు, రష్యాలో వైద్యవిద్య చదువుతున్న అమ్మాయి, సెలవులకు వచ్చింది. సరదాగా చూడమని ఇస్తే రెండు తునకలు చూసి “తాతయ్య భలే రాశారు” అంది. మూడోది మొదలయ్యాక నవ్వడం మొదలుపెట్టింది. “ఆంటీ, వాళ్ళు అంటున్నది ఇది కాదు.” ఇద్దరూ కూర్చుని జాబితా రాశారు. కిటికీ వెనక గుమాస్తా “రేపు రండి” అని కసిరితే తెర మీద “దయచేసి రేపు రండి” అని పడుతోంది. ‘ప్రిపీస్కి’ అనే మాటకు అర్థం చేయని ఉత్పత్తిని చేసినట్టు కాగితం మీద ఎక్కించడం. అది “లెక్కల్లో చిన్న తేడా” అయింది. ఊరూరా తిరిగి పైరవీలు చేసి సరుకు రాబట్టే ‘తల్కాచ్’ గారు “సమన్వయ అధికారి” అయ్యారు. ఒకచోట డైరెక్టరు పాత్ర చెప్పే చివరి వాక్యానికి సబ్‌టైటిలే లేదు. నాలుగు సెకన్ల పాటు ఆయన పెదవులు కదులుతాయి, కింద ఖాళీ.

తండ్రికి ఈ సంగతి ఇంకా చెప్పలేదు. డాలస్‌లో ఉన్న అన్నయ్య “ఈ వయసులో నాన్నతో నీకు పేచీ ఎందుకు, కార్యక్రమమే మానెయ్” అంటున్నాడు. సొసైటీలో ఒకరు “ఆ అమ్మాయి చేత మళ్ళీ రాయించి పెట్టేద్దాం, ఆయనకు చెప్పక్కర్లేదు” అంటున్నారు. తల్లి మాత్రం “మీ నాన్న ఈ మధ్య అన్నం దగ్గర మాట్లాడటం లేదు” అంటున్నారు. “జీవితమంతా ఒక భాష మాటను ఇంకో భాషలోకి నిజాయితీగా చేరవేసిన మనిషి నా దగ్గరికి వచ్చేసరికి ఎందుకిలా చేశారు? ఆయన్ని అవమానించలేను, తప్పుడు అనువాదం వేయలేను. ఏం చేయమంటారు?” ఇదీ ప్రశ్న.

అమ్మా,

మీ ఉత్తరం రెండుసార్లు చదివాను. మొదటిసారి పూర్తిగా మీ పక్షాన ఉన్నాను. రెండోసారి చదివేటప్పుడు పక్కన కాగితం పెట్టుకుని తేదీలు రాసుకున్నాను. అక్కడ నా పక్షం కొంచెం కదిలింది.

అయిదో పేజీలో హాలు అద్దె గురించి చెబుతూ, మధ్యలో రెండు వాక్యాల్లో పోస్టరు సంగతి రాశారు. దాని మీద మీరు పెట్టిన శీర్షిక ‘కూలిపోయిన దేశపు కామెడీ’. నాన్నగారు మొదటి రెండు తునకలు 12వ తేదీన ఇచ్చారు. పోస్టరు ఇంటికి వచ్చింది 14న. ఆయన దాన్ని చేతిలోకి తీసుకుని చూసి, “బాగుంది, అక్షరాలు పెద్దవిగా ఉన్నాయి” అన్నారు. మిగతా మూడూ ఇచ్చింది 20న. ఆ అమ్మాయి మెచ్చుకున్నది మొదటి రెండింటిని. నవ్వింది మూడో దాని నుంచి. మీరు రాసిన జాబితాలో మొదటి రెండు తునకల నుంచి ఒక్క మాట కూడా లేదు. ఇవన్నీ మీరే రాశారు, ఒకదాని పక్కన ఒకటి పెట్టి చూడలేదు, అంతే.

రష్యన్ మరిచిపోయిన మనిషి 12న బాగా రాసి 20న పాడుచేయరు. అబద్ధం రాయాలనుకున్న మనిషీ మొదటి రెండింటిని అంత చక్కగా ఇవ్వరు. నాకు తోచింది చెబుతాను, తప్పయితే మన్నించండి. ఆయన మొదటి రెండింటినీ తాను నవ్విన నవ్వుగా అనువదించారు. పోస్టరు చూశాక మిగతా మూడింటినీ తనను చూసి నవ్వబోయే నవ్వుగా అనువదించారు. ఇంట్లో వాళ్ళం మన ఇంటి చూరు కారుతోందని చెప్పుకుని నవ్వుకోవడం వేరు. ఇల్లు కూలాక వచ్చి ‘ఆ చూరు అప్పుడే కారేదిలే’ అంటే వినడం వేరు. ఆయన ఆ ఇంటి ఉప్పు తిన్నారు.

పైగా మీ పోస్టరు ఆయన్ని నొప్పించడమొక్కటే కాదు, వాస్తవంగా కూడా సరిగా లేదు. సినిమాలు చూపించే మనిషి కాబట్టి ఈ మాట మీకు ఎక్కువ గుచ్చుకోవాలి.

ఫితీల్ అంటే వత్తి, టపాసుకూ మందుపాతరకూ ఉండే వత్తి. ప్రతి సంచిక మొదట్లో ఆ వత్తి చురచురమని కాలుతూ పోయి ఢామ్మని పేలుతుంది, అప్పుడు చిత్రం మొదలవుతుంది. 1962లో మొదలుపెట్టారు. ప్రధాన సంపాదకుడు సెర్గేయ్ మిఖల్కోవ్, సోవియట్ జాతీయ గీతం రాసిన ఇద్దరిలో ఒకరు. ఇంతకంటే అధికారికమైన చేతులు వెతికినా దొరకవు. పది నిమిషాల సంచికలో సాధారణంగా మూడు తునకలు ఉండేవి; ఒకటి నటులతో తీసింది, ఒకటి బొమ్మలతో, ఒకటి డాక్యుమెంటరీ. లియోనిద్ గైదాయ్ లాంటి పేరున్న హాస్య దర్శకులూ, యూరి నికూలిన్ లాంటి నటులూ వాటికి పనిచేశారు. సినిమా హాళ్ళలో అసలు చిత్రానికి ముందు వేసేవారు. అంటే చాటుగా, భయపడుతూ తీసిన సినిమాలు కావివి. ఆ ప్రభుత్వమే డబ్బిచ్చి, నటులనిచ్చి, హాళ్ళిచ్చి తన గుమాస్తాల మీద తానే తీయించుకున్న నవ్వు. తూర్పు జర్మనీలో ఇంకా ముందే, 1953 నుంచి 1964 దాకా, ‘ముళ్ళపంది’ అనే పేరుతో ఇలాంటి వరసే నడిచింది.

మన హాళ్ళలో అదే రోజుల్లో సినిమాకు ముందు ఏం వేసేవారో నాకు గుర్తుంది. ఫిల్మ్స్ డివిజన్ వార్తాచిత్రం. ఆనకట్ట, మంత్రి, పళ్ళెంలో కత్తెర, రిబ్బను, చప్పట్లు. మేం ఆ పది నిమిషాలూ బయట సోడా బండి దగ్గర ఉండేవాళ్ళం. మనకూ అప్పుడు ప్రణాళికా సంఘం ఉండేది, పంచవర్ష ప్రణాళికలు ఉండేవి, లైసెన్సులు ఉండేవి, స్కూటరు కోసం ఏళ్ళ తరబడి క్యూ ఉండేది. లేనిదల్లా దాని మీద తెరకెక్కే నవ్వు. (మన వార్తాచిత్రాల మధ్యలో కొందరు దర్శకులు చేసిన చిలిపి పనులు ఉన్నాయిలెండి, దానికి ఇంకో ఉత్తరం కావాలి.)

అయితే ఆ నవ్వుకు ఒక గిరి ఉండేది, అది మీ ప్రేక్షకులకు తెలియాలి. స్టోర్ కీపరు మీద నవ్వవచ్చు, దుకాణం మేనేజరు మీద నవ్వవచ్చు, ట్రస్టు (కొన్ని కర్మాగారాల సమూహం) డైరెక్టరు దాకా పోవచ్చు. ప్రణాళికా వ్యవస్థ మీదే నవ్వకూడదు, పార్టీ మీద నవ్వకూడదు. ‘అక్కడక్కడ కొన్ని లోపాలు’ అనేది ఆ కాలపు అధికారిక పలుకుబడి. తప్పు ఎప్పుడూ ఒక మనిషిది. ఆ మనిషిని మారిస్తే బండి సాఫీగా పోతుంది. గిరి దాటితే ఏమయ్యేదో చెకోస్లోవేకియాలో చూడండి. యిర్జీ త్ర్న్‌కా 1965లో ‘చేయి’ అనే బొమ్మల చిత్రం తీశాడు. పూలకుండీలు చేసుకుంటూ తన గదిలో తాను బతికే మనిషి దగ్గరికి ఒక పెద్ద చేయి వస్తుంది, నా బొమ్మ చేయమంటుంది. అక్కడ గుమాస్తా లేడు, కిటికీ లేదు, చేయి ఒక్కటే. త్ర్న్‌కా 1969లో పోయాక ఆ చిత్రాన్ని జనానికి కనబడకుండా చేశారు.

కాబట్టి నాన్నగారు మెత్తబరిచినవి, అప్పటికే ఒకసారి మెత్తబరచి బయటికి వదిలిన మాటలు. సంపాదక వర్గం వడపోసిన దాన్ని ఆయన మళ్ళీ గుడ్డ వేసి వడపోశారు. అందులో ఇంకేం మిగులుతుంది?

ఇక్కడ మళ్ళీ మీ పక్షానికి వస్తున్నాను. ‘ప్రిపీస్కి’ని ‘లెక్కల్లో చిన్న తేడా’ అనడం నేను ఒప్పుకోను. అది తేడా కాదు. ఆ మాట వెనక ఊళ్ళకు ఊళ్ళు నష్టపోయాయి. 1959లో రష్యాలోని ర్యాజాన్ ప్రాంతపు పార్టీ కార్యదర్శి లారియోనోవ్ ఏడాదిలో మాంసం మూడు రెట్లు ఇస్తామని మాటిచ్చాడు. పాడి ఆవుల్ని కోయించాడు, పెంపకానికి ఉంచిన పశువుల్ని కోయించాడు, పక్క ప్రాంతాల నుంచి కొనుక్కొచ్చి తమదిగా చూపించాడు, మిగిలింది కాగితం మీద రాశాడు. సంవత్సరాంతానికి సోషలిస్టు శ్రమవీరుడి బిరుదు వచ్చింది. మరుసటి ఏడాది బండారం బయటపడింది, ఆయన ప్రాణమూ పోయింది, ఆ పల్లెల్లో పాలిచ్చే ఆవులూ చాలావరకు మిగల్లేదు. ఫితీల్ తునకలో ఆ మాట వినబడగానే హాల్లో నవ్వేవాళ్ళకు ఇదంతా తెలుసు. దాన్ని చిన్న తేడా చేస్తే మీ హాల్లో ఎవరికీ నవ్వు రాదు, ఎందుకు నవ్వాలో తెలియదు.

మాటకు మాట వెతకాలంటే మన భాషలో కరువు లేదు. ‘దొంగలెక్క’ చాలు. ‘తల్కాచ్’కు ‘పైరవీకారుడు’ అచ్చంగా సరిపోతుంది, కొంత అర్థం పోయినా సరే. కర్మాగారానికి కావలసిన బోల్టులు ప్రణాళికలో కేటాయించి ఉంటాయి, వచ్చి మాత్రం ఉండవు. అవి వచ్చేలా చూడటానికి సూట్‌కేసులో కానుకలు పెట్టుకుని రైలెక్కే మనిషి అతను. అతని ఉద్యోగానికి కాగితం మీద పేరు ఉండదు, అతను లేకపోతే కర్మాగారం నడవదు. మీ నాన్నగారికి అలాంటివాళ్ళు ఇద్దరు ముగ్గురు మాస్కోలో కాదు, ఇక్కడే తగిలి ఉంటారు. ఇక ‘రేపు రండి’. మన పల్లెల్లో దయ్యం రాకుండా తలుపు మీద ‘ఓ స్త్రీ రేపు రా’ అని రాసేవారు గుర్తుందా? దయ్యం పాపం రోజూ వచ్చి చదువుకుని రేపటికి వాయిదా వేసుకుని పోయేది. కిటికీకి అవతల కూర్చున్నవాడి దృష్టిలో ఇవతల నిలబడ్డవాడు దయ్యమే. ‘దయచేసి’ అన్న ఒక్క మాటతో ఆ కిటికీ కాస్తా కౌంటరు అయిపోయింది.

నాన్నగారు ఇంజనీరు కాబట్టి ఇంకొకటి చెబుతాను, మీ ఇద్దరి మధ్య మాట కలవడానికి పనికొస్తుంది. ఈ చిత్రాల్లో నవ్వు చాలావరకు కొలమానం దగ్గర పుడుతుంది. లక్ష్యాన్ని టన్నుల్లో ఇస్తే వస్తువు బరువెక్కుతుంది. షాండ్లియర్ల కర్మాగారానికి టన్నుల లెక్కన లక్ష్యం ఇవ్వడం వల్ల అవి ఏటికేడూ బరువెక్కుతున్నాయని క్రుశ్చేవ్ స్వయంగా ఎద్దేవా చేశాడు. దేశాధినేత చేస్తే ప్రసంగం, ఫితీల్ చేస్తే హాస్యం, మామూలు మనిషి మెట్ల మీద చేస్తే అనెక్‌దోత్, అంటే నోటి మాటగా చెప్పుకునే జోకు. విషయం ఒక్కటే. నెల మొదట్లో కర్మాగారం నిద్రపోయేది, చివరి పది రోజులు రాత్రింబగళ్ళు దండయాత్ర జరిగేది. అలా నెలాఖరులో బిగించిన యంత్రాన్ని కొనడానికి జనం భయపడేవారు. మార్చి నెలాఖరులో మన దగ్గర రోడ్లు వేసే వేగం చూసినవాళ్ళెవరికీ ఇది విడమరిచి చెప్పక్కర్లేదు. ఆయనతో ఈ సంగతి ఎత్తి చూడండి. దేశం గురించి అడిగితే ముడుచుకునే మనిషి, షిఫ్టు గురించి అడిగితే విప్పుకుంటారు.

ఇక మీ ముందున్న దారులు చూద్దాం.

అన్నయ్య చెప్పినట్టు కార్యక్రమం మానేయవచ్చు. గొడవ ఉండదు. కానీ నాన్నగారు అమాయకులు కారు. పోస్టరు గోడకెక్కాక కార్యక్రమం ఎందుకు ఆగిందో ఆయనకు తెలిసిపోతుంది, మీరు చెప్పరు, ఆయన అడగరు. మీరు వేయాలనుకున్న ఖిత్రుక్ చిత్రమే గుర్తు చేసుకోండి. 1966 నాటిది. ఒక మనిషి పటం చట్రంలో ఉంటాడు. పదోన్నతి వచ్చినప్పుడల్లా చట్రం మందమవుతుంది, నగిషీలు పెరుగుతాయి, చివరికి లోపలి మనిషి కనబడడు. ‘నాన్న పెద్దవారు, ఏమీ అనకూడదు’ అనేది కూడా బంగారు పూత పూసిన చట్రమే.

మీ సొసైటీ మిత్రుడు చెప్పినట్టు చాటుగా మార్చి వేయవచ్చు. ప్రేక్షకులకు న్యాయం జరుగుతుంది. ఆయనకు మాత్రం మొదటి నిమిషంలోనే తెలిసిపోతుంది. తాను మార్చిన మాటలు ఎక్కడెక్కడున్నాయో ఆయనకు తెలిసినంత ఇంకెవరికీ తెలియదు. చీకట్లో, ముందు వరసలో, చుట్టూ అరవై మంది నవ్వుతుండగా తెలుసుకుంటారు. ఆయన పేరు కూడా తెర మీద ఉంటే అది ఇంకో రకం దొంగలెక్క, ఈసారి రాసింది మీరవుతారు. నాకు అన్నిటికంటే నచ్చని దారి ఇదే.

ఉన్నది ఉన్నట్టు వేయడం మూడోది. ఎవరూ గమనించరని అనుకోకండి. విశాఖలో రష్యన్ వచ్చిన పాత ఇంజనీర్లకు కొదవ లేదు, రష్యాలో చదివి వచ్చిన కుర్ర డాక్టర్లకు అంతకంటే లేదు. ఆ నాలుగు సెకన్ల ఖాళీ దగ్గర వెనక వరసలో ఎవరో ఒకరు అసలు మాటను పైకే అనేస్తారు.

మెత్తబడిన మూడింటినీ పక్కన పెట్టి, చక్కగా వచ్చిన రెండూ, ఖిత్రుక్ చిత్రం, ‘ఆఫీసు’ వేయవచ్చు. ఇది చేతకాని దారిలా కనిపిస్తుంది గానీ అంత చెడ్డదేం కాదు. ప్రదర్శన చిన్నదవుతుంది, నాన్నగారి పేరు నిజాయితీగానే ఉంటుంది. ‘మూడు ఏమయ్యాయి’ అని ఆయన అడిగితే, అడిగినప్పుడే మాట మొదలవుతుంది. అడగకపోతే మీ ఇద్దరి మధ్యా అదీ ఒక ఫైలుగా పెండింగులో ఉండిపోతుంది. ఆ నష్టం మీకు తెలిసే ఒప్పుకోవాలి.

అయిదోది మాట్లాడటం. నా మొగ్గు ఇటే, కానీ ఇదేమీ సాఫీగా పోయే దారి కాదు. ముందు పోస్టరు మార్చండి. ఆయన కోసమని కాదు, అది తప్పు కాబట్టి మార్చండి. ఇంట్లో చెప్పేటప్పుడు కూడా అలాగే చెప్పండి: ‘నాన్నా, ఇవి ఆ ప్రభుత్వమే తీయించుకున్నవని ఆలోచించలేదు, శీర్షిక తప్పు పెట్టాం.’ మీ తప్పు ముందు బల్ల మీద పెడితే ఆయన తప్పుకు పక్కన చోటు దొరుకుతుంది. తర్వాత ఆ జాబితా తీయకండి. ముఖ్యంగా, ఆయన చేసిందే ప్రిపీస్కి అని చమత్కరించకండి. నాకూ నోటి చివరిదాకా వచ్చింది, మీకూ వస్తుంది. ఆపుకోండి. దాని బదులు మాస్కోలో ఫితీల్ ఏ హాల్లో చూసేవారో, పక్కన ఎవరు కూర్చునేవారో, హాలంతా ఎక్కడ నవ్వేదో, మొదట్లో భాష చాలక నవ్వలేకపోయిన రోజులు ఉన్నాయో లేదో అడగండి. పరాయి దేశంలో జోకు మొదటిసారి అర్థమైన రోజును ఎవరూ మరిచిపోరు.

ఆయన విప్పుకుంటే, మూడు తునకలనూ ఆయన చేతే మళ్ళీ రాయించవచ్చు. ప్రదర్శనకు ముందు పది నిమిషాలు ఆయన్నే మాట్లాడమనవచ్చు. పది నలభై అవుతుంది, భిలాయి దగ్గర మొదలై అంతరిక్షం దాకా పోతుంది, దానికి సిద్ధపడండి. విప్పుకోకపోవచ్చు కూడా. ‘నేను సరిగానే రాశాను’ అని భీష్మించుకుంటే, అప్పుడు మీరు స్పష్టంగా చెప్పాల్సిందే: ‘ఈ మూడూ వేరే అనువాదంతో వేస్తున్నాం, వాటి మీద మీ పేరు ఉండదు.’ వారం రోజులు అన్నం దగ్గర మౌనం ఉంటుంది. ఇప్పుడూ ఉంది కదా. ఇప్పటి మౌనానికి కారణం ఇద్దరిలో ఒక్కరికే తెలుసు, అప్పుడు ఇద్దరికీ తెలుస్తుంది.

మీరు ఎంచుకున్న ‘ఆఫీసు’ గురించి ఒక్క మాట, అది ఆయన పక్కన కూర్చుని చూసే చిత్రం కాబట్టి. 1966లో తీసింది, అయిదారు నిమిషాలు. బీమా, పింఛన్ల కిటికీ ముందు ముసలివాళ్ళ వరస. కాగితం, ఇంకో కాగితం, ముద్ర. అందులో దుర్మార్గుడు లేడు, ఫితీల్‌లోలా పట్టుబడే డైరెక్టరు లేడు. చివర్లో అరల నిండా ఫైళ్ళు, గొంతు మాత్రం అడుగుతూ ఉంటుంది: జీవితమంతా ఏం చేశారో రాయండి. నేనూ ఏటా నవంబరులో బతికే ఉన్నానని కాగితం ఇవ్వడానికి కిటికీ ముందు నిలబడతాను. అవతలి మనిషి కాగితం చూస్తాడు, నన్ను చూడడు. అందుకే ఆ చిత్రం చూసినప్పుడు నాకు నవ్వు రాలేదు. జీవితమంతా రెండు భాషల మధ్య నిలబడి పనిచేసిన మీ నాన్నగారికి ఆ ప్రశ్న ఎలా వినబడుతుందో ముందే ఆలోచించుకోండి. హాల్లో మొదటిసారి చూడనివ్వకండి, ఇంట్లో ముందు చూపించండి.

అదే దర్శకుడు 1977లో ఒక కర్మాగారపు రాత్రి కాపలాదారు మీద డాక్యుమెంటరీ తీశాడు. నియమాలంటే పిచ్చి ప్రేమ ఉన్న మనిషి, కెమెరా ముందు అన్నీ బయటపెట్టేసుకున్నాడు. చిత్రం మంచి పేరు తెచ్చుకుంది. కానీ పోలండ్ టీవీలో వేయవద్దని తీసినవాడే అడ్డుపడ్డాడు. ఇరుగుపొరుగు చూస్తే ఆ మనిషి తలెత్తుకోలేడని. చిత్రం మీద ఒక్క కోత పడలేదు, ఎవరి ముందు వేయాలన్నది మాత్రమే మారింది. మీ సందేహానికి దగ్గరి బంధువు ఇదేననిపించింది.

ఒక చిన్న కోరిక. ఆ వైద్య విద్యార్థినితో కలిసి మీరు జాబితా అంతా రాశారు గానీ, నాన్నగారు ఖాళీగా వదిలేసిన ఆ నాలుగు సెకన్ల వాక్యం ఏమిటో రాయలేదు. మెత్తబరచడానికి కూడా వీల్లేక వదిలేసిన మాట అది. ఆ అమ్మాయిని అడిగి కాదు, ఆయన్ని అడిగి తెలుసుకుని నాకు రాయండి.